కప్పిన కుప్ప

ఉట్నూర్,
ఆషాఢమాసం

వినోదా,

నీ ఫోన్ మూగపోయింది. నేను పెట్టిన మెసేజీలన్నీ ఒక్క టిక్కు దగ్గరే ఆగిపోతున్నాయి. మా అవ్వకు ఫోన్ చేస్తే, ఆమెకు స్పీకర్ పెడితే తప్ప వినపడదు, స్పీకర్ పెడితే మీ గల్లీ మొత్తం మన ఇంటి సంగతి వింటుంది. "కోడలు మంచిగనే ఉన్నది, జర తలనొస్తుంది" అని పెట్టేసింది. నువ్వు తలనొప్పికి మంచమెక్కే మనిషివా? ఆపరేషనయ్యాక కుట్లు విప్పకముందే ఆసుపత్రి మంచం మీద కూర్చుని నర్సమ్మకు గద్వాల చీర అమ్మిన దానివి.

అందుకే కాగితం పట్టుకున్నాను. హాస్టల్ వార్డెన్ అయ్యాక నేను కాగితం మీద రాసినవన్నీ పై ఆఫీసుకు సంజాయిషీలే కాబట్టి, ఇందులో కూడా అక్కడక్కడ ఆ వాసన వస్తే సర్దుకో.

చీరల లైవ్ ఎందుకు రావడం లేదని ఇక్కడి టీచర్లు నన్ను అడుగుతున్నారు. ఆషాఢం అమ్మకాల్లో లైవ్ ఆపేసిన చీరల వ్యాపారిని నిన్నొక్కదాన్నే చూస్తున్నాను. తమ్ముడు మస్కట్‌లో ఉన్నాడు, నేను అడవిలో ఉన్నాను, చెప్పుకోవడానికి ఎవరూ లేరనుకోకు. ఏం జరిగిందో నాకు తెలియదు. దాచకుండా రాయి.

మీ వదినె,
మమతారాణి

కరీంనగర్,
ఆషాఢం, శుక్రవారం

వదినెకు,

నా ఫోన్ సైబర్ పోలీసుల దగ్గర ఉంది. నేను ఫిర్యాదు ఇచ్చిన రోజే ఆధారం కోసం ఉంచుకున్నారు. ఇంకో ఫోన్ కొనుక్కోమని అందరూ అంటున్నారు గానీ, ఫోన్ చేతిలోకి తీసుకోవాలంటేనే నాకు మనసొప్పడం లేదు.

నీకు తెలిసినదే ముందు రాస్తాను, చెయ్యి కుదురుకోవడానికి. రెండేళ్ళ కింద హైదరాబాదులో నా ఎడమ రొమ్ము తీసేసిన సంగతి మీ తమ్ముడికి, అత్తమ్మకు, నీకు తప్ప ఎవరికీ తెలియదు. ఊళ్ళో అందరికీ కడుపులో రాళ్ళని చెప్పాం. అప్పటి నుంచి జాకెట్టు లోపల నేనే కుట్టుకున్న చిన్న సంచి పెట్టుకుంటున్నాను. లోపల బూరుగు దూది, బరువు కోసం గుప్పెడు ఆవాలు. ఎన్ని చీరలు భుజాన వేసుకుని చూపించినా లైవ్‌లో ఎవరూ కనిపెట్టలేదు.

మా బాపు అంగళ్ళలో తిరిగి బట్టలమ్మేవాడు కదా. పొద్దుగూకగానే కుప్ప మీద ఒక బట్ట కప్పేవాడు. కప్పితే బేరం అయిపోయినట్టే. ఆయన చాయ్ తాగడానికి పోయినా సరే, ఆ బట్టను ఎవరూ లేపేవారు కాదు. అదే నా ఒంటికి పట్టింది. లైవ్ అయిపోగానే చివరి చీర తీసి ఫోన్ స్టాండు మీద కప్పుతాను, కప్పగానే దుకాణం మూసినట్టు నా మనసు ఊరుకుంటుంది. ఆ రోజు ఆపే బటన్ నొక్కాను. నిజంగా ఆపాలా అని ఫోన్ మళ్ళీ అడుగుతుంది. అది చూడకుండానే చీర కప్పేశాను. కప్పింది నెట్టు చీర. లైటు వెలుగుతూనే ఉంది. ఉక్కపోతకు తట్టుకోలేక అక్కడే జాకెట్టు విప్పి, సంచి తీసి, మచ్చ మీద పౌడరు చల్లుకున్నాను.

చూస్తున్నవాళ్ళలో ఎవరో రికార్డు చేశారు. నచ్చితే స్క్రీన్‌షాట్ తీయండక్కా అని రోజూ వాళ్ళకు నేర్పింది నేనే. తెల్లారేసరికి ఫోనున్న ప్రతివాడి చేతిలో నేనే ఉన్నాను. కింద రాసిన మాటలన్నీ నీకు రాయలేను. ఒక్కటి రాస్తాను: "చీరలూ నకిలీ, మనిషీ నకిలీ." నన్ను ఆ స్థితిలో చూసినందుకు ఏడ్చిన దానికంటే ఆ మాటకు ఎక్కువ ఏడ్చాను.

అత్తమ్మ తలుపులు వేసి "మూసుకొని కూసో బిడ్డ, జనమే మర్చిపోతరు" అంటోంది. నేనూ అంతే అనుకున్నాను. లైవ్ మానేస్తున్నాను వదినె. ఒక్క మూట చీరలతో మొదలుపెట్టి నా నోటితో నేను నిలబెట్టుకున్న పని అది. మీ తమ్ముడి జీతం మీద ఆధారపడకుండా నా మందులు నేను కొనుక్కున్నది దాంతోనే. మళ్ళీ ఆ స్టాండు ముందు నిలబడతానని మాత్రం నాకు అనిపించడం లేదు.

నీ మరదలు,
వినోద

ఉట్నూర్,
ఆషాఢం చివర

వినోదా,

నీ ఉత్తరం చదివి బాత్రూంలోకి పోయి ఏడ్చి వచ్చాను. వార్డెన్లు పిల్లల ముందు ఏడవకూడదు. ఇక అయిపోయింది, మామూలుగా మాట్లాడతాను.

ముందుగా, ఆవాల సంగతి. అది నాకు కూడా చెప్పలేదు నువ్వు. ఇన్నాళ్ళూ నువ్వొచ్చి పక్కన కూర్చుంటే పోపు వాసన వస్తోందేమిటా అనుకుని, ఎంత పనిమంతురాలు మా తమ్ముడి పెళ్ళామని మురిసిపోయాను.

ఆ వీడియో నేను చూడలేదు, చూడను. నువ్వు ఏ తప్పూ చేయలేదు. నీ ఇంట్లో నువ్వు జాకెట్టు విప్పుకున్నావు. తొంగిచూసినవాడిది తప్పు, చూసింది పదిమందికి పంచినవాడిది ఇంకా పెద్ద తప్పు. ఇది నీకు తెలుసు, కానీ తెలిసినదాన్ని ఎవరైనా గట్టిగా చెబితే బాగుంటుందని రాస్తున్నాను.

లైవ్ మానేయడం సంగతి బతుకమ్మ పండుగ దాకా వాయిదా వెయ్యి. ఏడుస్తూ తెచ్చిన సెలవు చీటీ మీద నేను ఏ పిల్లకూ సంతకం పెట్టను. ముఖం కడుక్కుని, అన్నం తిని, రెండో రోజు రమ్మంటాను. సగం మంది రెండో రోజు రారు. నువ్వూ అన్నం తిను.

మమతారాణి

కరీంనగర్,
శ్రావణం, సోమవారం

మమతారాణి వదినెకు,

నిన్న మీ తమ్ముడు మస్కట్ నుంచి అత్తమ్మ ఫోన్‌కు చేశాడు. స్పీకర్ ఉంది కాబట్టి నాతోపాటు గల్లీ కూడా విన్నది. "అక్క గూడ సూసిందట. నువ్వు లైవ్ బందువెట్టాలె అని అక్కకు జెప్పిన, ఇంకా జెప్పలేదా?" అన్నాడు.

నువ్వు చూశావు. చూడలేదని రాశావు. ఆయన చెప్పమన్నది కూడా కడుపులో పెట్టుకుని నాకు ఆవాల జోకులు చెప్పావు. అందరి కళ్ళూ నా మీద పడ్డాయి గానీ నీ కళ్ళు పడలేదని ఒక్క ధైర్యం ఉండేది నాకు. అదీ పోయింది.

ఆయన మీద నాకు కోపం లేదు. అక్కడి రూములో ఎవరో ఆయనకే తెచ్చి చూపించారట. కొట్టబోతే నలుగురు పట్టుకున్నారట. నేను పంపుతున్నాను కదా, నువ్వు ఇంట్లో కూర్చో అంటాడు. ఆయన పంపేది చాలకనా నేను లైవ్ పెట్టింది? ఆ స్టాండు ముందు ఉన్నంతసేపు నేను రోగిని కాదు వదినె. ఈ ముక్క ఆయనకు ఎలా చెప్పాలో తెలియక ఊఁ కొట్టాను.

ఇంకొకటి. వీడియో పెట్టినవాడు దొరికాడు. మన బజారులోనే ఫ్లెక్సీలు కొట్టే ఓంప్రకాశ్. ఊరి కబుర్ల పేజీ ఒకటి నడుపుతాడు, దాంట్లో వేశాడు. పోలీసులు ఆ పేజీ మూయించారు. ఇప్పుడు కేసు వాపసు తీసుకొమ్మని మన బట్టల వ్యాపారుల సంఘం పెద్దల చేత అడిగిస్తున్నాడు. ఆదివారం సంఘం హాల్లో కూర్చుంటారట. అందరి ముందు నిలబడి ఆ సంగతి మళ్ళీ మాట్లాడాలంటే నాకు చేతకాదు. సరేనని సంతకం పెట్టి వచ్చేస్తాను. బతుకమ్మ కోసం తెప్పించిన చీరలను ఒక షావుకారు మూటగా కొంటానన్నాడు. అవీ ఇచ్చేస్తాను. ఒక రోజు ఎందుకు బతికి వచ్చానా అని కూడా అనిపించింది. భయపడకు, ఆ ఆలోచన పోయింది, అలసట మాత్రం మిగిలింది.

వినోద

ఉట్నూర్,
శ్రావణం

వినోదా,

చూశాను. మా వాచ్‌మన్ నరేశ్ వంటగది గడప మీద కూర్చుని ఫోన్ చూసి నవ్వుతుంటే, ఏమిట్రా అని లాక్కున్నాను. అందులో నువ్వు. నేను చూశానని తెలిస్తే నా ముందు తలెత్తవేమోనని అబద్ధం రాశాను. నీ మొదటి ఉత్తరం రాకముందే నాకు తెలుసు. తమ్ముడు చెప్పమన్న మాట మాత్రం కావాలనే చెప్పలేదు. అది నీకు చేరవేయదగ్గ మాట కాదు, నీ ఉత్తరం చూశాక వాడికీ ఆ సంగతి చెప్పాను. తిట్టుకో, పడతాను.

కానీ ఆ వంటగదిలో జరిగింది మొత్తం నీకు రాయాలి. మా వంటమనిషి సంతోషమ్మను నువ్వు చూశావు, పోయినసారి నీకు జొన్నరొట్టెలు కట్టి ఇచ్చింది. ఆదివారం వాళ్ళ చర్చి, మిగతా రోజులన్నీ మా పొయ్యి. నరేశ్ నవ్వినప్పుడు ఆమె కూడా ఫోన్‌లో ఆ మచ్చ చూసింది, నవ్వలేదు. పిల్లలు తినిపోయాక చేతులు తుడుచుకుంటూ నా గదికి వచ్చింది. మీ మరదలికి గడ్డ ఉందని మొదట ఎలా తెలిసింది మేడమ్, నొప్పి లేచిందా అని అడిగింది. మొదట్లో అసలు నొప్పే లేదట అన్నాను, నువ్వు ఆసుపత్రిలో నాతో అన్న మాట గుర్తొచ్చి.

సంతోషమ్మ తలుపు దగ్గరగా వేసి వచ్చింది. "నాకు గూడ నొస్తలేదు మేడమ్" అన్నది.

పెసరగింజంత ఉన్నప్పటి నుంచి చూసుకుంటోందట. ఇప్పుడు రేగుపండంత అయింది. దేవుడికి తప్ప ఎవరికీ చెప్పలేదు. మొగుడికి కూడా చెప్పలేదు. ఆసుపత్రికి పోదాం పదమంటే రానంటోంది. కోసేస్తే ఆడమనిషిగా ఏం మిగులుతానని అడుగుతోంది. నేను ఏం చెప్పినా, మీకేం తెలుసు మేడమ్ అన్నట్టు చూస్తోంది. నిజమే, నాకేం తెలుసు? నీకు తెలుసు. నీ చేత రాయిస్తేనే వస్తుందని నాకు అనిపిస్తోంది. నా మీద కోపం ఉంటే నాకు రాయకు, ఆమెకు రాయి. జర తొందరగా రాయి.

మమతారాణి

కరీంనగర్,
శ్రావణం

వదినె, ఈ కింది ముక్క సంతోషమ్మకు చదివి వినిపించు. తర్వాతది నీకు.

సంతోషమ్మక్కా, నేను వినోదను. నువ్వు వీడియోలో చూసిన మనిషిని. కోసేస్తే ఏం మిగులుతానని అడిగావట. నేను మిగిలాను అక్కా. లేచి నడిచాను, అన్నం వండుకున్నాను, మా ఆయన సెలవుకు వచ్చినప్పుడు పోట్లాడాను, మళ్ళీ కలిసిపోయాను. మొదటిసారి అద్దంలో చూసుకుని గంటల తరబడి ఏడ్చాను, అది అబద్ధం చెప్పను. మందుల రోజుల్లో జుట్టు పోతుంది, వస్తుంది. నోటికి ఏదీ రుచించదు, అప్పుడు పలుచని మజ్జిగలో కొంచెం ఉప్పు వేసుకో. చెయ్యి పైకి లేవదు, రోజూ గోడ మీద వేళ్ళు పాకించుకుంటూ పోతే లేస్తుంది. అందరి గడ్డలూ చెడ్డవి కావు, నీది మంచిదే కావచ్చు. చూపిస్తేనే తెలుస్తుంది. నీ గడ్డకు సిగ్గు లేదు, అది పెరుగుతూనే ఉంటుంది. నువ్వు సిగ్గుపడి కూర్చోకు. రేపే మేడమ్‌తో పో.

వదినె, ఇది రాసేటప్పుడు నేను ఎక్కడా కొట్టివేయలేదు. రాసి మళ్ళీ చదువుకుంటే, ఇది చెప్పే మనిషి ఇంట్లో తలుపులు వేసుకుని కూర్చుందా అని నాకే విడ్డూరంగా అనిపించింది. ఆదివారం సంఘం హాలుకు సంతకం పెట్టడానికని బయలుదేరినదాన్ని, దారిలోనే పెట్టకూడదని అనుకున్నాను.

హాల్లో మన సంఘం పెద్ద, నేను కాకా అని పిలిచే పరశురాములు, ఇంకొందరు కూర్చున్నారు. అందరూ బట్టల బేరంలో జుట్టు నెరిసినవాళ్ళే. ఓంప్రకాశ్ చేతులు కట్టుకుని నిలబడ్డాడు గానీ మాట మాత్రం పదునుగానే ఉంది. నా లైవ్‌లో అందరికీ కనబడిందే తాను పెట్టానని, ఎవరింట్లోనూ దూరి తీయలేదని అన్నాడు. పెద్దలు తలలూపారు. పొరపాటు ఇద్దరిదీ ఉంది బిడ్డా, పోనీయ్ అన్నారు. నేను లేచి నిలబడ్డాను. 

"కాకా, పొద్దుగూకినంక అంగట్ల నీ కుప్ప మీద కప్పిన బట్టను ఎవడన్న లేపి సూస్తే వాన్ని ఏమంటవ్?" అని అడిగాను.

ఆయన మీసం దువ్వుకున్నాడు. అందరూ ఆయన వైపే చూస్తున్నారు. "దొంగ అంట" అన్నాడు.

"బట్ట పల్చగుండె, లోపలిది కనవడ్డది అంటే ఇడిసిపెడ్తవా?"

"ఇడువ. మల్ల అంగట్ల కూసోనియ్య."

అంతే వదినె. కాక తువ్వాలు భుజాన వేసుకుని లేచాడు, కేసు వాపసు తీసుకోవద్దని నాకు చెప్పి బయటికి పోయాడు. మిగిలినవాళ్ళూ ఒక్కొక్కరే లేచారు. చివరికి హాల్లో ఓంప్రకాశ్, నేను మిగిలాం. నేను అతన్ని సూటిగా చూశాను. అతను చూడలేకపోయాడు. ఇంటికి వస్తుంటే బజారంతా నన్ను చూసింది, నేనూ బజారును చూశాను. షావుకారుకు చీరలు ఇవ్వనని చెప్పేశాను.

నీ మీద కోపం పోయింది. అబద్ధాలు మాత్రం ఇక రాయకు.

వినోద

ఉట్నూర్,
భాద్రపదం

మహారాణి వినోద గారికి,

ఆ హాల్లో నేను లేనందుకు నన్ను నేను తిట్టుకున్నాను. పరశురాములు కాకతోనే తీర్పు మార్పించిన ఆడమనిషి మన ఇంట్లో ఉందని ఇక్కడ టీచర్లందరికీ చదివి వినిపించాను, నీ అనుమతి లేకుండానే.

సంతోషమ్మకు నీ ముక్క చదివాను. మళ్ళీ చదవమంది. మూడోసారి తనే తీసుకుని, కూడబలుక్కుని చదువుకుంది. తెల్లవారి మంచి చీర కట్టుకుని నా గది ముందు నిలబడింది. ఆదిలాబాద్ పెద్దాసుపత్రికి జీపు నడిపింది ఎవరనుకున్నావు? నరేశ్. తనంతట తనే వచ్చాడు. దారి పొడుగునా నోరెత్తలేదు. తిరిగివచ్చేటప్పుడు బండి ఆపి, మీ మరదలికి క్షమాపణ చెప్పాలి, మీరు రాయండి మేడమ్ అన్నాడు. రాశాను, ఇక నీ ఇష్టం.

గడ్డ మంచిది కాదు. కానీ పక్కకు పాకలేదు. హైదరాబాదులో ఆపరేషన్ అయింది. సరైన సమయానికి తెచ్చారని, ఇంకొన్ని నెలలు ఆగి ఉంటే ఈ మాట చెప్పగలిగేదాన్ని కాదని డాక్టరమ్మ నాతో అన్నది. వాళ్ళ ఆయన సీమోను వరండాలో మోకాళ్ళ మీద కూర్చుని ఏడుస్తూ ప్రార్థన చేశాడు. నాకు ఆ ప్రార్థనలు తెలియవు గానీ పక్కనే కూర్చున్నాను. సంతోషమ్మకు తెలివి రాగానే నీ పేరు అడిగింది. చీరల లైవ్ మళ్ళీ ఎప్పుడు పెడతావో కనుక్కొమ్మంది.

నేనూ అదే అడుగుతున్నాను. బతుకమ్మ దగ్గరికొచ్చింది. నేను వేసిన వాయిదా గడువు అయిపోయింది.

మమతారాణి

కరీంనగర్,
పెత్రమాస ముందు రోజు (రేపే తొలి బతుకమ్మ)

వదినెకు,

నిన్న లైవ్ పెట్టాను. మీ దగ్గర సిగ్నల్ పోయి సగమే చూశానని సంతోషమ్మ ఫోన్ నుంచి అత్తమ్మకు చెప్పావట, కాబట్టి మొత్తం రాస్తున్నాను. ఇప్పుడు నా చేతిలో కొత్త ఫోన్ ఉంది, అయినా ఇది కాగితం మీదే రాయాలనిపించింది.

ఆకుపచ్చ నారాయణపేట చీర కట్టుకున్నాను. సంచి పెట్టుకోలేదు. అద్దంలో చూసుకుంటే ఒక పక్క చదునుగా ఉంది. కొంగు సర్దబోయి, మానేశాను. లైవ్ మొదలుకాగానే జనం ఎగబడ్డారు. చీరల కోసం కాదని నాకు తెలుసు. కింద మాటలు వరదలా వస్తున్నాయి. అన్నీ చదివాను. చదివి, నమస్తే చెప్పి, మొదలుపెట్టాను.

"నకిలీ అన్నరు గదా. ఆ నకిలీది తీసి పక్కకు వెట్టిన. ఇగో, అసలు మనిషిని" అన్నాను.

ఆ తర్వాత ఆపరేషన్ సంగతి చెప్పాను. గడ్డ ఎలా తెలిసిందో, నొప్పి లేకపోయినా ఎందుకు చూపించుకోవాలో చెప్పాను. పేరు చెప్పకుండా సంతోషమ్మ సంగతి కూడా చెప్పాను, ముందే ఆమెను అడిగాను. వెక్కిరింతలు ఆగలేదు గానీ మధ్యమధ్యలో వేరే మాటలు రావడం మొదలైంది. జగిత్యాల నుంచి ఒకామె, మా అమ్మకూ ఇదే ఆపరేషన్, జాకెట్టు ఎట్లా కుట్టించాలక్కా అని అడిగింది. బోథ్ నుంచి ఒకామె, నాకూ గడ్డ ఉంది, భయమైతుంది అని రాసింది. లైవ్ అయ్యాక ఫోన్ చెయ్యమని నంబర్ ఇచ్చాను. ఎవరో నెమలికంఠం రంగు చీర బుక్ చేశారు. పేరు చూస్తే కరుణాకర్, మస్కట్. ఇంట్లో నా చేతిలో ఉన్న చీరను మీ తమ్ముడు మస్కట్ నుంచి బుక్ చేశాడు వదినె. అంతమంది ముందు నవ్వేశాను, కళ్ళల్లో నీళ్ళు కూడా వచ్చాయి.

అప్పుడే ఒకడు పచ్చి బూతు రాశాడు.  పరచబోతున్న చీరను మళ్ళీ మడతపెట్టేశాను. వెనుక తలుపు చప్పుడైంది. ఇన్నాళ్ళూ మూసుకొని కూసో అన్న అత్తమ్మ, కళ్ళద్దాలు సరిచేసుకుంటూ వచ్చి నా పక్కన నిలబడింది. అక్షరాలు చదవడం రాదు గానీ నా ముఖం చదివినట్టుంది. నా చేతిలోని చీర తీసుకుని, కొంగు పూర్తిగా పరిచి, ఫోన్‌లోకి వంగి చూసింది.

"నా కోడలు సావును గెల్చి అచ్చింది. ఆమెను సూసుడు అయిపాయె గదా? ఇగ చీర సూడుండ్రి" అన్నది.

చూశారు వదినె. పండుగకు తెప్పించిన చీరల్లో ఒక్కటి కూడా మిగల్లేదు.

నీ మరదలు,
వినోద